ప్రవాహములు కట్టిన నేల

గౌతమీ వసిష్ఠ పాయల నడుమ కొబ్బరితోటల నీడను విస్తరించియున్న కోనసీమను గాని, కృష్ణ చీలికలై కడలిని గలియుచోట నున్న దివిసీమను గాని చూచినవారు అది అనాదిగ నున్న భూమి యనియే తలంతురు. ఇండ్లు, గుడులు, గట్లు, పొలముల సరిహద్దులు, ఆ సరిహద్దులను నిర్ణయించు దస్తావేజులు, ఇవన్నియు నేల స్థిరమైన దని మనకు గల విశ్వాసమునకు గుర్తులు. భూగర్భశాస్త్రజ్ఞులు చెప్పునది వేఱుగ నున్నది. హిమయుగము ముగిసిన పిదప పెరిగివచ్చిన సముద్రమట్టము సుమారు ఆఱువేల యేండ్ల క్రిందట కుదుటబడినది. ఆనాడు తీరము నేటి కొల్లేటి పరిసరముల నుండెడిది. అచ్చటినుండి నేటి సముద్రము వఱకు గల పల్లపునేల యంతయు ఆ పిమ్మట కృష్ణా గోదావరులు మోసితెచ్చి కెరటములకు ఎదురుగ పేర్చిన ఒండ్రు. సముద్రము వెనుకకు జరిగిన ఒక్కొక్క మజిలీని తెలుపుచు పాత ఇసుకమిట్టలు వరుసలుగ నేటికిని పొలముల నడుమ కాననగును. అనేక గ్రామములు ఆ మిట్టలమీదనే వెలసినవి.

కావున డెల్టాభూమి వయస్సున చిన్నది. దాని నిర్మాణము నేటికిని ముగియలేదు. గాలి నీటిని తెచ్చును, నీరు మట్టిని తెచ్చును, కెరటము ఆ మట్టిని తీర్చిదిద్దును. ఈ మూటిలో ఏ యొక్కటి తఱిగినను నేల తఱుగును. ఇట్టి ప్రవాహముల నడుమ గడచిన నూట డెబ్బదియైదు సంవత్సరములుగ మనుష్యుడు మహత్తరములైన పనులు చేసినాడు. వానివలన కోట్లమందికి అన్నము లభించిన మాట ఎంత సత్యమో, నదియొక్క పనిని సగము మాత్రమే గ్రహించి మిగిలిన సగమును వ్యర్థమని భావించుట వలన నేల క్రమముగ కృశించుచున్న మాటయు అంత సత్యము. ఈ రెండు సత్యములను ఒక్కచోట నుంచి పరిశీలించుట తెలుగువారికి నేడు అత్యావశ్యకము.

గాలి తెచ్చు నీరు

ఈ వృత్తాంతమునకు మొదలు ఆకాశమున నున్నది. వేసవియందు భూఖండము కాగి, దానిమీది వాయువు తేలికపడి పైకి లేవగా, అచ్చట ఏర్పడిన అల్పపీడనమువైపునకు దక్షిణ హిందూమహాసముద్రమునుండి తేమతో నిండిన గాలి బయలుదేరును. అది భూమధ్యరేఖను దాటిన పిమ్మట భూభ్రమణము వలన కుడివైపునకు ఒరిగి, నైరృతి ఋతుపవనమై, సామాన్యముగ జూన్ మొదటి దినములలో కేరళతీరమును తాకును. పడమటి కనుమలు దానికి ఎదురు నిలుచును. కొండ యెక్కు గాలి చల్లబడి తనలోని తేమను వర్షముగ విడుచును. కృష్ణ పుట్టిన మహాబలేశ్వరమున ఏటికి 5000 మి.మీ.కు మించిన వాన కురియుట ఇందువలననే. కొండ దిగిన గాలి పొడిబారును. అందుచే అదే ఋతుపవనము క్రింద నుండియు అనంతపురమునకు దక్కునది సుమారు 550 మి.మీ. మాత్రమే. నడుమ ఏ పర్వతము నిలిచియున్నదో, గాలి ఏ దిక్కునుండి వీచునో అను రెండు విషయములే ఒక సీమకు ధాన్యమును, వేఱొక సీమకు తఱచు కఱవును వ్రాసిపెట్టినవి.

గోదావరి సంగతి మఱికొంత విచిత్రమైనది. నాసిక్ సమీపమున త్ర్యంబకము వద్ద బ్రహ్మగిరిని పుట్టి 1465 కి.మీ. ప్రయాణము చేయు ఈ నది మూడు లక్షల చదరపు కిలోమీటర్లకు మించిన పరివాహక ప్రదేశమును కలిగియున్నను, దాని పెనువరదలకు కారణము జన్మస్థానమున పడిన వాన కాదు. తూర్పున కలియు ప్రాణహిత, ఇంద్రావతి, శబరి అను ఉపనదులు. ఆషాఢ శ్రావణ భాద్రపదములలో బంగాళాఖాతపు ఉత్తరభాగమున పుట్టు వాయుగుండములు ఒడిశా తీరమును దాటి, ఛత్తీస్‌గఢ్ విదర్భల మీదుగ పశ్చిమ వాయవ్యముగ సాగుచు, ఆ ఉపనదుల పుట్టినిండ్లపైననే దినముల తరబడి కురియును. బంగాళాఖాతమునుండి లేచిన తేమ అడవికొండలపై వానయై పడి, శబరీ ఇంద్రావతుల వెంట దిగి, పాపికొండల ఇరుకున నురుగులెత్తి, రాజమహేంద్రవరమున విశాలమై, మఱల అదే బంగాళాఖాతమును చేరును. 1986వ సంవత్సరము ఆగస్టు నడుమ ఇట్టి వర్షముల ఫలముగ భద్రాచలమున నీటిమట్టము 75.6 అడుగులకు పెరిగినది. ధవళేశ్వరము వద్ద సుమారు 35 లక్షల క్యూసెక్కుల ప్రవాహము దాటినది. గట్లు తెగి, గండ్లు పడి, కోనసీమ గ్రామములు నీటిలో నానినవి. మఱల 2022 జూలైలో భద్రాచలమున నది 71.3 అడుగులను అందుకొన్నది. సామాన్యముగ జూలై వరదకాలమునకు ఆరంభమే గాని పరాకాష్ఠ గాదు.

ఈ గాలుల రాకపోకలు సుదూర సముద్రములతో ముడిపడియున్నవని లోకమునకు తెలిపినవాడు గిల్బర్ట్ వాకర్. 1904లో భారత వాతావరణశాఖకు అధిపతియైన ఆ గణితశాస్త్రజ్ఞుడు, పందొమ్మిదవ శతాబ్దపు కడపట దేశమును పీడించిన క్షామములకు కారణమును అన్వేషించుచు, భూగోళమునందలి నానాదేశముల వాతావరణపు లెక్కలను ఒక్కచోటికి చేర్చి పరిశీలించెను. పసిఫిక్ మహాసముద్రముపై గాలి ఒత్తిడి హెచ్చినపుడు హిందూమహాసముద్రముపై తగ్గుటయు, అచ్చట తగ్గినపుడు ఇచ్చట హెచ్చుటయు ఒక నియమముగ కనబడినది. పెరూ తీరమున సముద్రము అసాధారణముగ వేడెక్కిన సంవత్సరములలో మన ఋతుపవనము తఱచు బలహీనపడుటకును ఈ డోలనమునకును గల సంబంధము తరువాతి తరములవారు స్పష్టపఱచిరి. మెట్టపొలమున నాగలి పట్టిన రైతు ఆకాశమువైపు చూచునపుడు అతని కంటికి కానరాని ఆ దూరపు కడలియు అతని పంటను నిర్ణయించుచున్నదన్నమాట.

మట్టి మోయు నది

నది నీటిని మాత్రమే తెచ్చునని తలంచుట మన సామాన్యభావము. తొలకరివెంట గోదావరికి వచ్చు ఎఱ్ఱనీరును చూచినవారికి ఆ భావము ఎంత అసంపూర్ణమో తెలియును. దక్కను పీఠభూమి నల్లరేగడియు, బస్తరు కొండల ఎఱ్ఱమన్నును కరగి ఆ నీటిలో తేలివచ్చును. కొండల నడుమ వడిగ పరుగెత్తు ప్రవాహమునకు మట్టిని మోయు శక్తి అధికము. బయలున విశాలమై, వేగము తగ్గినంతనే ఆ శక్తి సన్నగిల్లును. బరువైన ఇసుక ముందుగను, సన్నని బంకమట్టి తరువాతను అడుగున చేరును. గట్టు పొర్లిన వరద పాయకు ఇరువంకల మేటలు వేయును; మేటల నడుమ లంకలు పుట్టును. ఏటేటా క్రొత్త ఒండ్రు పడుటచే లంకపొలములు ఎరువును అంతగ కోరవు. గోదావరి లంకల పొగాకునకును, కూరగాయలకును ప్రసిద్ధి కలిగినది ఈ మట్టి మహిమచేతనే. వరద నష్టమును తెచ్చును, అదే వరద సారమును తెచ్చును. ఒకదానిని వదలి రెండవదానిని పొందుట నదీధర్మమున లేదు.

మొగ వద్దకు చేరిన మట్టి అంతటితో ఆగదు. నైరృతి గాలులు వీచు కాలమున కెరటములు తీరమునకు ఏటవాలుగ వచ్చి తగులుటచే ఇసుక ఒడ్డువెంట ఉత్తర ఈశాన్యముగ కదలును. కాకినాడకు ఎదురుగ సుమారు 16 కి.మీ. పొడవున సముద్రమునకు అడ్డుపడిన ఇసుకదిబ్బ, హోప్ ఐలండు, ఇట్లు గోదావరి యిసుకను కెరటములు ఈడ్చి కట్టినదే. అది ఏర్పడినది గడచిన రెండు శతాబ్దములలోనే. దాని చాటున నున్న కాకినాడ రేవునకు అలల బాధ తప్పినది. దానికి చేరువనున్న కోరంగి మాత్రము ఒకప్పుడు ఓడలు కట్టు రేవుగ ఖ్యాతి గాంచియు, 1789, 1839 సంవత్సరముల తుపానులచే దెబ్బతిని, ఆపైన నది వేయు మేటలచే పూడిపోయి, వర్తకమును కాకినాడకు అప్పగించవలసివచ్చెను. ఒక పట్టణము పెరుగుటకును, వేఱొకటి అణగుటకును ఒకే నదియొక్క ఒకే మన్ను కారణమైనది.

ధవళేశ్వరపు పాఠము

ఇట్టి నదికి మనుష్యుడు చేసిన తొలి పెద్ద మార్పు ధవళేశ్వరపు ఆనకట్ట. 1832-33 సంవత్సరముల గుంటూరు కఱవునందు లక్షలాది జనము నశించిరి. రెండు మహానదులు నిరుపయోగముగ ప్రవహించుచుండగా వాని చేరువ సీమలలో జనులు ఆకలిచే చచ్చిరి. ఆర్థర్ కాటన్ అను ఇంజనీరు ఈ వైపరీత్యమును ఎత్తిచూపి, ప్రభుత్వమును ఒప్పించి, 1847లో పని ప్రారంభించి 1852 నాటికి ముగించెను. వీణము వీరన్న మొదలగు తెలుగువారు ఆ నిర్మాణమున ఆయనకు కుడిభుజములైరి. గట్టి రాతి పునాది దొరకని ఇసుక నదీగర్భముపై వదులు రాతిని పేర్చి ఆనకట్టను నిలుపు విద్యను కాటన్ కావేరిపైని పురాతనమైన కల్లణై వద్ద గ్రహించినాడు; ఆ విద్యను తాము దేశీయులయిన పూర్వపు నిర్మాతలనుండియే నేర్చితిమని ఆయన తానే ఒప్పుకొనినాడు.

ఆ ఆనకట్ట ఎత్తు సుమారు 12 అడుగులు మాత్రమే. నదిని నిలువరించి జలాశయము చేయుట దాని ఉద్దేశము గాదు. వేసవి నీటిని కొంత పైకెత్తి కాలువలకు మఱల్చుట, వరద వచ్చినపుడు దానిని మట్టితో సహా తనమీదుగ పోనిచ్చుట, ఇవియే దాని పనులు. నదియొక్క కాలగతిని అది మార్చలేదు. ప్రవాహమునుండి కొంత భాగమును అడిగి పుచ్చుకొన్నది. కాలువలు గట్టుమీది ఎత్తైన నేలపై నుండి పల్లమునకు నడచుటచే నీరు తన బరువుతోనే పొలములకు చేరినది. లాకుల మీదుగ పడవలు నడచినవి. పది లక్షల యెకరములు మాగాణియైనవి. సార్వాకు వరదనీరును, దాళ్వాకు సీలేరు విద్యుత్కేంద్రముల చక్రములను త్రిప్పి దిగివచ్చు నీరును నేటికిని ఆధారములు. పాత కట్టడము స్థానమున 1982 నాటికి క్రొత్త బ్యారేజి పూర్తియై కాటన్ పేరునే ధరించినది. కృష్ణపై బెజవాడ వద్ద 1855 నాటికి ముగిసిన ఆనకట్టకు 1952లో గండిపడగా, 1957లో ప్రకాశం బ్యారేజి దానిస్థానమును ఆక్రమించినది.

అయినను ఆనకట్ట కూడ కొంత వెల గైకొన్నది. ఎఱ్ఱనీరు మొగ దాటి సముద్రమున కలియగనే, గ్రుడ్లు పెట్టుటకై నదిలోనికి ఎదురెక్కు పులసచేప పూర్వము ఎంతో దూరము పోవుచుండెడిది. నేడు ధవళేశ్వరమే దాని ప్రయాణమునకు ఎల్ల. పులసకై మత్స్యకారులు ఏటికెదురుగ వలలు వేసి నిరీక్షించు ఆ వరదకాలము గడచినపిదప, ఎండకాలమున బ్యారేజి దిగువకు విడుచు నీరు బహుస్వల్పమగుటచే, సముద్రపు పోటు ఉప్పునీటిని పాయలవెంట లోనికి ఎగద్రోయును. తీరగ్రామములయందు బావులు ఉప్పనగుటకును, పొలములు చవుడుబారుటకును ఇది యొక హేతువు. ఆపైన చెఱువులు త్రవ్వి రొయ్యలను పెంచు వ్యవసాయము ఆ ఉప్పును నేలలోనికి మఱింత దించినది. 1996 డిసెంబరులో సర్వోన్నత న్యాయస్థానము తీరమండలమున రొయ్యలచెఱువులను నిషేధించుటకు ఈ హాని యొక ప్రధానకారణము.

జలాశయమున ఆగిన ఒండ్రు

తక్కువ యెత్తు ఆనకట్టకును, వందల అడుగుల ఎత్తైన డ్యాముకును గల భేదము నీటి పరిమాణమున నున్నదని మనము సామాన్యముగ భావింతుము. అసలు భేదము మట్టిలో నున్నది. జలాశయమున ప్రవేశించిన ప్రవాహము నిశ్చలమై, తాను మోయు భారమును అచ్చటనే విడిచిపెట్టి, తేటనీరై దిగువకు పోవును. 1955 డిసెంబరు 10న జవహర్‌లాల్ నెహ్రూ శంకుస్థాపన చేసిన నాగార్జునసాగరము 1967లో కాలువలకు నీరు విడిచినది. దాని యెగువను శ్రీశైలమును, ఇంకను ఎగువను ఆలమట్టియు, తుంగభద్రయు నిలిచినవి. గోదావరిమీద జాయక్‌వాడి, శ్రీరామసాగరము మొదలగునవి వెలసినవి. మెట్టసీమలకు నీటిని, నగరములకు వెలుగును ఇచ్చిన ఈ నిర్మాణములను నిందించుట కృతఘ్నత యగును. కాని వాని గర్భమున ఏటేట పేరుకొనుచున్న ఒండ్రు డెల్టాకు చేరవలసినదను సంగతిని మఱచుట అవివేకమగును. గోదావరి మోయు మట్టి గడచిన అర్ధశతాబ్దిలో సగమునకు పైగ తఱిగినదనియు, కృష్ణ మోయునది దాదాపు అడుగంటినదనియు కొలతలు తెలుపుచున్నవి. గోదావరిపైని పోలవరము డ్యాము పూర్తియైన పిమ్మట ఈ ప్రశ్న మఱింత తీవ్రమగును, ఏలయన శబరి మోసితెచ్చు మట్టికిని అచ్చట అడ్డు ఏర్పడును.

దాని ఫలితము తీరమున కానవచ్చుచున్నది. బంకమట్టి కాలక్రమమున తనబరువుచే తానే కుదించుకొని క్రుంగుట సహజము. పూర్వము ఏటేటి ఒండ్రు ఆ లోటును పూరించెడిది. నేడు పైన పడు మట్టి తగ్గినది. క్రిందినుండి నీటిని, సహజవాయువును తోడుటవలన కొన్నితావుల క్రుంగుదల హెచ్చగునని శాస్త్రజ్ఞులు హెచ్చరించుచున్నారు. సముద్రమట్టము ప్రపంచమంతట పెరుగుచున్నది. ఈ మూడు కారణములును ఒక్కచోట కలిసినపుడు కెరటమునకు ఎదురులేదు. ఇసుక రాబడి తఱిగినను కెరటములు దానిని ఒడ్డువెంట ఈడ్చుకొనిపోవుట మానవు. అంతర్వేది వద్ద సముద్రము ఒడ్డును కొఱుకుచున్నది. కాకినాడకు ఉత్తరముననున్న ఉప్పాడలో ఇండ్లును, రోడ్డును పలుమార్లు కడలిపాలైనవి. రాళ్లు పోసి కట్టిన గోడలు కొంతకాలము నిలిచి మఱల కూలుచున్నవి. అలను రాతితో ఎదిరించుట ఒకచోట ఒడ్డును కాపాడి ప్రక్కచోట దానిని మఱింత కోతకు గురిచేయును.

విశాఖపట్టణము ఇదే పాఠమును వేఱొక విధమున చెప్పినది. ఆ రేవును 1933లో తెఱచునాటికే, తీరమువెంట ఉత్తరముగ నడచు ఇసుక కాలువముఖమును పూడ్చకుండ, రెండు పాత ఓడలను రాళ్లతో నింపి ముంచి అడ్డుకట్టగ నిలిపిరి. పిమ్మట వెలుపలి హార్బరు కట్టినపుడు ఇసుక నడక ఇంకను ఆగి, దానికి ఉత్తరముననున్న నగరపు కడలిఒడ్డు కోసుకొనిపోసాగెను. అడుగున త్రవ్వితీసిన ఇసుకను యంత్రములతో ఒడ్డున పోయుట అందుచే ఏటేటి పనియైనది. ఆ నగరమునందు గాలికిని అట్టి అడ్డు ఉన్నది. కైలాసకొండకును యారాడకొండకును నడుమ గిన్నెవంటి పల్లమున రేవును, కర్మాగారములును నిలిచియున్నవి. పగటి కడలిగాలి పొగను లోతట్టునకు తోయును. చలికాలపు రాత్రులయందు నేల చల్లబడి, దానిపై చల్లగాలి పొర కట్టి, దానిమీద వెచ్చనిగాలి మూతవలె నిలిచినపుడు పొగకు పైదారి మూసుకొనును. కొండలు గాలిదారిని ఎట్లు మార్చునో చూచిన పిమ్మటనే ఫ్యాక్టరీకి తావు నిర్ణయించవలెను. తావు ముందు నిర్ణయించి గాలిని పిమ్మట నిందించుట తగదు.

ఉప్పెన వచ్చు త్రోవ

నది సముద్రమునకు ఒసగు మంచినీరు అచ్చటనే అణగిపోదు. గంగ, బ్రహ్మపుత్ర, ఇరావతి, మహానది, గోదావరి, కృష్ణ మొదలగునవి పోయు నీరు ఉప్పునీటికన్న తేలిక యగుటచే బంగాళాఖాతముపై పలుచని పొరగ పఱచుకొనును. ఆ పొర క్రింది చల్లనినీటితో తేలికగ కలియదు. కావున సూర్యతాపము పైపొరయందే నిలిచి, ఆ నీటి ఉష్ణోగ్రత సంవత్సరమున అనేకమాసములు 28 డిగ్రీలకు పైననే యుండును. ఆ వేడియే వానలను పెంచును, ఆ వేడియే తుపానులకు ఆహారమగును. నేలమీది నది ఆకాశమునందలి గాలిని తిరిగి మలచుచున్నదన్నమాట.

ఆశ్వయుజమునుండి మార్గశిరము వఱకు ఆ కడలినుండి వచ్చు తుపానులను కోస్తా ప్రజలు తరతరములుగ ఎఱుగుదురు. 1864 నవంబరు 1న మచిలీపట్టణమును ముంచిన ఉప్పెనలో సుమారు 30,000 మంది మరణించిరి. ఆ శరత్కాలముననే కలకత్తాను వేఱొక తుపాను నాశనము చేసినందున, మఱుసటి సంవత్సరము కలకత్తా రేవునకు తుపాను హెచ్చరికల యేర్పాటు మొదలై, 1875లో భారత వాతావరణశాఖ స్థాపనకు దారితీసినది. అయినను 1977 నవంబరు 19న దివిసీమ మఱల బలియైనది. ఉత్తరార్ధగోళమున తుపానుగాలి గడియారపు ముండ్లకు ఎదురుదిశను తిరుగును. తీరమునకు ఎదురై వచ్చు తుపానుయొక్క కుడివైపున గాలి సముద్రమునుండి నేలమీదికి వీచి నీటిని ఎగద్రోయును. నాడు తుపాను చీరాల సమీపమున తీరము దాటినది; దివిసీమ దాని కుడివైపున నున్నది. అచ్చటి సముద్రము లోతు తక్కువ, నేల పల్లము, ఒడ్డు వంపు తిరిగినది. ఇన్ని హేతువులు కలిసి సుమారు 5 మీటర్ల ఎత్తున ఉప్పెన లేచి మైళ్లకొలది లోనికి చొచ్చి నాగాయలంక, అవనిగడ్డ ప్రాంతముల గ్రామములను ముంచినది. మృతులు పదివేలకు తక్కువ గాదు. సొర్లగొంది, పాలకాయతిప్ప వంటి గ్రామముల పేర్లు తెలుగునేల మఱువజాలనివి.

ఆ దుఃఖము వ్యర్థము కాలేదు. తుపాను రక్షణ భవనములు వెలసినవి. తీరమున సరుగుడుతోటలు నాటిరి. రాడారులును, ఉపగ్రహములును తుపాను నడకను ముందుగ తెలుపసాగినవి. జనులను తరలించు పద్ధతి స్థిరపడినది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖను ధ్వంసము చేసినపుడు ఆస్తినష్టము అపారమైనను మరణములు పదుల సంఖ్యయందే ఆగినవి. అయితే యంత్రములకన్న పూర్వపు రక్షకము ఒకటి మొగల వద్దనే యున్నది. తెల్లమడ, తిల్ల మొదలగు చెట్లతో నిండిన మడ అడవి తన వేళ్ల అల్లికలో ఒండ్రును పట్టి నిలుపును, అల వేగమును విఱుచును, చేపపిల్లలకును రొయ్యపిల్లలకును నెలవగును. 1978లో అభయారణ్యముగ ప్రకటింపబడిన 235 చదరపు కిలోమీటర్ల కోరంగి అడవి ఇట్టిది. ఈ చెట్లకు ఉప్పును, తీపియు కలిసిన నీరు కావలెను. నదినుండి మంచినీరును క్రొత్తమట్టియు రానిచో మడ అడవి బలహీనపడును, దానివెంట తీరమునకు గల కవచము పలుచనగును.

మూసిన దారులు

కృష్ణా గోదావరీ డెల్టాల నడుమ సహజమైన పల్లమై యున్న కొల్లేరు బుడమేరు, తమ్మిలేరు మొదలగు వాగుల వరదను తనలో నిలుపుకొని, సుమారు 60 కి.మీ. పొడవైన ఉప్పుటేరు ద్వారా మెల్లగ కడలికి విడుచును. వానకాలమున పెరుగుట, వేసవిని తఱుగుట దాని స్వభావము. ఆ తఱుగుదలను ఖాళీస్థలమని భావించి మనము చేపలచెఱువులు త్రవ్వి గట్లు పోసితిమి. 1999లో ఐదవ కాంటూరు (సమోన్నతరేఖ) లోపలి 308 చదరపు కిలోమీటర్లు అభయారణ్యమైనవి. 2002లో కొల్లేరు రామ్‌సార్ జాబితాకెక్కి అంతర్జాతీయ ప్రాముఖ్యముగల చిత్తడినేలగ గుర్తింపబడినది. 2006లో ప్రభుత్వము గట్లను విస్తృతముగ తొలగించినది. అయినను సరస్సు తన పూర్వపు విస్తృతిని పూర్తిగ తిరిగి పొందలేదు, ఉప్పుటేటి వాలు తక్కువ యగుటచే మేటయు, గుఱ్ఱపుడెక్కయు దానిని ఇరుకుచేయుచునే యున్నవి.

2024 సెప్టెంబరు మొదటి దినములలో విజయవాడ అనుభవించిన వరద ఈ క్రమమునకు పరాకాష్ఠ. బుడమేటి వరదను వెలగలేరు వద్ద మళ్లించి కృష్ణలో కలుపు కాలువ ఒకటి కలదు. కాని ఆనాడు ప్రకాశం బ్యారేజి వద్ద కృష్ణయే 11 లక్షల క్యూసెక్కులకు మించి పాఱుచుండెను. నిండిన నదిలోనికి వాగునీరు చొరజాలదు. కాలువకు గండ్లు పడినవి. సింగ్ నగరు మొదలగు ప్రాంతముల ఇండ్లు దినములతరబడి నీటిలో నున్నవి. ఇరుకైపోయిన వాగు తన పాత పల్లమును వెదకికొనగా ఆ పల్లమున జనులు కాపురము లుండిరి. పల్లము తెలియని పట్నవాసులకు ఆ దారి మ్యాపున నైనను చూపవలసిన బాధ్యత పాలకులది, ఆ దారిలో ఇండ్లకు అనుమతి ఇయ్యకుండుటయు వారిదే.

సముద్రమునకు చేరు నీరు

మన పత్రికలయందును, సభలయందును తఱచు వినవచ్చు మాట యొకటి కలదు: నదీజలములు సముద్రమున వృథాగ కలియుచున్నవను ఆవేదన. కఱవుసీమయందు పుట్టిన ఆ ఆవేదన న్యాయమైనది. దానిని తేలికపఱచుట నా ఉద్దేశము కాదు. అయినను పైని వివరములన్నియు ఒక్కవిషయమును నిరూపించుచున్నవి. సముద్రమునకు చేరు నీరు తనవెంట తీరమును కట్టు మట్టిని తెచ్చును, ఉప్పును వెనుకకు నెట్టును, మడ అడవిని పెంచును, పులసను పిలుచును, మత్స్యకారులకు జీవనమిచ్చును. ఆ పనులు చేయు నీటిని వృథా యనుట పొలమున నిలిచిన నీటిని వృథా యనుటవంటిదే.

బచావత్ ట్రిబ్యునలు కృష్ణలో 2060 టి.ఎం.సి.ల లభ్యతను గుర్తించి మహారాష్ట్రకు 560, కర్ణాటకకు 700, నాటి ఆంధ్రప్రదేశమునకు 800 చొప్పున పంచినది. నీటికి వాటాలు కట్టిన ఆ పంపకమున మట్టికి వాటా లేదు. ఇకమీద నీటి లెక్కల ప్రక్కన ఒండ్రు లెక్కయు వ్రాయవలెను: ఏ జలాశయమున ఎంత మేట పడినది, వరదకాలమున అడుగుతూముల ద్వారా ఎంత దిగువకు విడువవచ్చును, ఇసుకను త్రవ్వుటకు ఏ హద్దు విధించవలెను అను విషయములు ప్రతి సంవత్సరము ప్రజలయెదుట నుంచవలెను. బ్యారేజి దిగువను వేసవియందును కొంత ప్రవాహము తప్పక యుండునట్లు చట్టము చేయవలెను. ఉప్పుటేటిని, బుడమేటిని వాని పూర్ణవిస్తృతితో సర్వేచేసి హద్దురాళ్లు పాతవలెను. కోరంగి, కృష్ణా మొగల మడ అడవులను రోడ్లతోను, రేవులతోను సమానమైన ప్రజాసంపదగ పరిగణించవలెను. కర్మాగారములకును, పట్టణములకును తావు నిర్ణయించునపుడు గాలినడకయు, నీటిపల్లమును ముందుగ పరిశీలించవలెను.

ఇవి అసాధ్యములు కావు. ఇసుకపై రాతిని నిలిపి నదితో ఒడంబడిక చేసికొన్న పూర్వులు మనకన్న తక్కువ యంత్రములు, తక్కువ లెక్కలు కలిగియుండియు, వరదను అడ్డగించక దానిని దాటనిచ్చుట నేర్చిరి. మన చేతియందు ఉపగ్రహములును, కొలతలును, గతశతాబ్దపు అనుభవమును ఉన్నవి. డెల్టా మనకు వారసత్వముగ దక్కిన భూమి యని భావించి ఊరకుండినచో అది తఱుగును; నేటికిని కట్టబడుచున్న భూమి యని గ్రహించి, దానిని కట్టు నీటికిని, మట్టికిని, గాలికిని దారి విడిచినచో అది నిలుచును. ఆ దారి విడుచుటయే నేడు ఇంజనీర్లయొక్కయు, పాలకులయొక్కయు, పొలమున నిలిచిన రైతుయొక్కయు ఉమ్మడి కర్తవ్యము.